యూఫ్రటీస్‌కు అవతలి ఒడ్డుందా?

తీర్పు చెప్పడమంత పాపం లోకంలో మరొకటి లేదు! తీర్పు వచ్చిందంటే చర్చ చచ్చినట్టే. చర్చ చచ్చాక ఊళ్లో మగాళ్లు ఖర్జూరాలు నమలడం తప్ప చేసేదేముంది?

ఈ సత్యం గ్రహించిన మహానుభావుడు మా పండితుడు రవ్ గూర్యా. బాబిలోనియా యూదుల్లో ఆయనంత చదువుకున్నవాడు లేడని మా ఊరి గట్టి నమ్మకం. చిన్నప్పుడు తల్లి రొట్టె పెడితే, "ఇది ఈ పూటదా, రాత్రి మిగిలిందా? మిగిలిందయితే ఏ దీవెన చదవాలి?" అని అడిగి, ఆ సంగతి తేలేలోపు పస్తు పడుకున్నాడట. పెళ్లినాడు పాఠశాలలో ప్రశ్నొకటి లేపి, అది ముగించుకుని వచ్చేసరికి పెళ్లికూతురు కూర్చున్నచోటే కునుకు తీస్తోందట. అలాంటి మనిషి పాఠశాలకు పెద్ద కాక ఇంకేమవుతాడు?

అలాంటాయన దగ్గరికి కఫ్నాయి వచ్చింది. ఆమె మొగుడు పడవ మీంచి యూఫ్రటీస్‌లో పడి మళ్లీ కనబడలేదు. మా ధర్మం సూటిగానే ఉంది. చుట్టూ ఒడ్డు కనబడే నీళ్లయితే, బతికి గట్టెక్కినవాడు ఎవరి కంటో పడేవాడే కనుక పోయినట్టే లెక్క. భార్య మళ్లీ పెళ్లాడవచ్చు. ఒడ్డు కనబడని నీళ్లయితే ఎక్కడో బతికే ఉండొచ్చు, పెళ్లాడకూడదు. ఖర్జూరపు బీరు కాచే జబ్దాయి ఆమె కోసమే కాచుకుని ఉన్నాడు.

ఒక్క పూటలో తేల్చేయొచ్చు. తేల్చేస్తే పాండిత్యం ఏ గంగలో కలవాలి?

ఒడ్డు ఎవరి కంటికి కనబడాలి? పొట్టివాడికా, పొడుగువాడికా? నేల మీద నిలబడి చూడాలా, చెట్టెక్కి చూడాలా? మంచు కురిసిన రోజు ఒడ్డు లేనట్టేనా? శిష్యులు గుంపులుగా నది మీద పడ్డారు. ఒకడు ఖర్జూర చెట్టెక్కి నడుం విరగ్గొట్టుకున్నాడు. ఆ నష్టం చెట్టు యజమానిదా, ప్రశ్న వేసినవాడిదా అని వేరే చర్చ మొదలైంది! అదార్ నెలలో రైతులు పనులు మానుకుని చదువుకు వస్తే వాళ్లకూ ఇదే పాఠం. ఊళ్లో అద్దెలు పెరిగాయి. చేపలు వేయించి అమ్మేవాళ్లు ఇళ్లు కట్టుకున్నారు. చెప్పండి, ఏ తీర్పు ఇంతమందికి కూడు పెట్టగలదు?

ఇది కఫ్నాయికి అర్థం కాదు.

"అయ్యగారూ, నా సంగతేమైంది?"

"నడుస్తోందమ్మా. నీ పుణ్యమా అని ఎంతమంది చదువుకుంటున్నారో చూడు!"

"వాళ్ల చదువుకేం గానీ, నా తల నెరిసిపోతోంది. మీ కూతురికైతే ఇట్టాగే నానుస్తారా?"

"కూతురని ధర్మాన్ని వంచుతానా తల్లీ? రేపు నీ మొగుడు గుమ్మంలో నిలబడితే, ఆ పాపం ఎవరిది?"

ఆయన నిజంగానే నొచ్చుకున్నాడు. చెడ్డవాడు కాదు పాపం, భయస్తుడు. ఆ భయానికి పాండిత్యమని పేరు పెట్టి మేమంతా దణ్ణాలు పెట్టాం.

ఇంతలో జబ్దాయి జ్వరమొచ్చి పోయాడు.

అంత్యక్రియలు ముగిసిన పూటే సభ కూడింది. పెళ్లాడేవాడే లేనప్పుడు పొరపాటు జరిగినా భయం లేదు. ఒక్కరూ ఎదురు చెప్పలేదు. యూఫ్రటీస్‌కు ఒడ్డు కనబడుతుందనీ, కఫ్నాయి మళ్లీ పెళ్లాడవచ్చనీ తేలిపోయింది. శుభవార్త చెప్పడానికి రవ్ గూర్యా స్వయంగా ఆమె ఇంటికి వెళ్లాడు.

ఆమె సమాధుల దగ్గర్నుంచి అప్పుడే వచ్చి గుమ్మంలో కూలబడి ఉంది. అంతా విన్నది.

"అయ్యగారూ, మీకు తొందరపడటం కూడా వచ్చన్నమాట," అంది.