బీరువాలో మా అక్క దుప్పటి

రచయిత బతికుండగానే అతని వ్యాసం అచ్చువేసే పత్రికను నమ్మకండి! అంత తొందర ఉన్నవాళ్లకు విద్యతో పనేమిటి? హాయిగా బస్సులు నడుపుకోవచ్చు.

మా పత్రిక అలాంటిది కాదని సగర్వంగా మనవి చేసుకుంటున్నాను. బట్టలో కాలాన్ని నేయడమనే శాస్త్రానికి లోకం మొత్తమ్మీద ఉన్న ఏకైక పరిశోధనా పత్రిక మాది. పేరు 'కాలనేత'. త్రైమాసిక పత్రిక. రెండేళ్లకోసారి వస్తుంది. నేను ఉపసంపాదకుణ్ణి, అంటే కామాలు దిద్దుతాను, బీరువా తాళంచెవి జేబులో వేసుకు తిరుగుతాను.

మూడో అంతస్తులో ఒక గది, ఒక ఫ్యాను, ఆ బీరువా, ఒక గోడగడియారం, ఇదీ మా ఆఫీసు. గడియారం ఆగిపోయి ఆరేళ్లయింది. బాగుచేయిద్దామంటే మా ప్రధాన సంపాదకుడు ఒప్పుకోడు. ఆయన్ని మేం పెద్దాయన అంటాం. ఆ గడియారం మీద ఆయన వ్యాసం ఒకటి సగంలో ఉంది.

మా రచయితల్లో మగ్గం మీద కూర్చున్నవాళ్లు ఎంతమంది అని కొందరు గిట్టనివాళ్లు అడుగుతుంటారు. ఒక్కరూ లేరు! నిష్పాక్షికత అంటే మరేమిటండీ? నేసేవాళ్లకు నేత గురించి అభిప్రాయాలుంటాయి. మావాళ్లకు ఆ జబ్బు లేదు. పడుగు నిలువుగా ఉంటుందనీ పేక అడ్డంగా పోతుందనీ తెలియకుండానే ఒకాయన పదహారు వ్యాసాలు రాశాడు. చెప్పబోతే, "అది మీ దృక్కోణం" అని నా నోరు మూయించాడు.

ఇక దుప్పటి సంగతి. మా అక్కది మగ్గం పని. బావ మంచాన పడ్డ ఏడాది ఇంట్లోకని ఒక దుప్పటి మొదలుపెట్టి, మరుసటి ఏడాది పూర్తిచేసింది. తెల్లటి దుప్పటి, అక్కడక్కడా అడ్డంగా ఒక్కో ఎర్రపోగు. ఒకచోట బెత్తెడు దూరంలో, ఇంకోచోట వేలెడు దూరంలో. ఒకచోటైతే పక్కపక్కనే ఐదు! నేను ఊరుకోలేక దాన్ని తెచ్చి పెద్దాయనకు చూపించాను. ఆయన కళ్లద్దాలు పెట్టుకున్నాడు, తీశాడు, మళ్లీ పెట్టుకున్నాడు.

"నమూనాగా ఉంచుదాం. రెండు వారాల్లో ఇచ్చేస్తాం" అన్నాడు.

ఏ రెండు వారాలో చెప్పలేదు. నాలుగేళ్లయింది.

అయితేనేం? ఎంత మేలు జరిగిందో చూడండి! ముప్పై ఒక్క వ్యాసాలు వచ్చాయి. ఎర్రపోగులు గ్రహణాలని ఒకరు తేల్చారు. కాదు, వానలని ఇంకొకరు. వాళ్లిద్దరికీ ఇప్పుడు మాటల్లేవు. ఒకావిడకు ప్రమోషన్ వచ్చింది. అందరూ ఒప్పుకున్నది ఒక్కటే. దుప్పటి చివర మూరన్నర మేర ఎర్రపోగన్నదే లేదు. దానికి 'ప్రశాంత యుగం' అని పేరుపెట్టి మూడు రోజులు సదస్సు జరిపారు.

అక్కను ఒక్కమాట అడుగుదామా అని నసిగాను. "ఆవిడకేం తెలుసయ్యా? నేసింది, అంతే కదా!" అన్నాడు పెద్దాయన.

అక్క మాత్రం కనబడ్డప్పుడల్లా, "నా దుప్పటి ఎప్పుడిస్తార్రా?" అంటుంది. సమీక్షలో ఉందంటాను. శాస్త్రమంటే ఆవిడకు బొత్తిగా గౌరవం లేదు.

పోయిన నెల ఐదుగురు సమీక్షకులూ అసలు దుప్పటే కావాలని పట్టుబట్టారు. పెద్దాయన ధర్మాత్ముడు. ఐదు సమానమైన ముక్కలు చేసి పంచుదామన్నాడు. సోమవారం మంచి కత్తెర ఒకటి తెమ్మని నాకు పురమాయించాడు.

ఆదివారం అక్క ఇంటికెళ్లి విషయం చెప్పాను. మగ్గం ఆగింది.

"కోస్తారా? ఆ ఎర్రపోగుల్లో ఏముందనిరా?"

"అదే ఎవరికీ తేలట్లేదక్కా."

"తేలడానికేముంది? మీ బావ పిలిచినప్పుడల్లా లేచేదాన్ని కదా. మంచినీళ్లకో, పక్కకి తిప్పడానికో. మళ్లీ కూర్చుంటే చేతి ఊపు మారిపోతుంది. ఎక్కడ లేచానో తెలియాలని ఒక ఎర్రపోగేసి వెళ్లేదాన్ని."

"మరి చివర్లో ఒక్కటీ లేదేం?"

"పిలిచేవాళ్లేరి?" అంది అక్క. మళ్లీ మగ్గం ఆడించడం మొదలుపెట్టింది.

బావ పోయినరోజు నేను ఆ ఇంట్లోనే ఉన్నాను. అయినా నాకు తట్టలేదు. 'ప్రశాంత యుగం' బ్యానరు కట్టింది ఈ చేతులే. సిగ్గుతో చచ్చిపోయాను. అక్క చూడకుండా కళ్లు తుడుచుకుని బయటికొచ్చేశాను.

సోమవారం పొద్దున అందరి ముందూ బీరువా తెరిచాను. వేసిన తాళం వేసినట్టే ఉంది. దుప్పటి లేదు!

పెద్దాయన ఆ ఖాళీ అరకేసి చాలాసేపు చూశాడు. మెల్లగా ఆయన ముఖం వెలిగిపోయింది. "బట్ట తన కాలంలోకి తను వెళ్లిపోయిందయ్యా! నేను మొదట్నుంచీ చెబుతూనే ఉన్నాను" అన్నాడు. అక్కడికక్కడే ప్రత్యేక సంచిక ప్రకటించాడు.

కాబట్టి పండితులారా, వ్యాసాలు పంపండి. తొందరేం లేదు. గ్రహణాలైనా సరే, వానలైనా సరే. తాళంచెవి ఎవరి జేబులో ఉంటుందన్న చిల్లర విషయాల జోలికి మాత్రం పోకండి. అది శాస్త్రం కిందికి రాదు.

మా అక్కను అడగడం కూడా దండగే. ఆవిడకేం తెలుసు? రోజూ కప్పుకుని పడుకుంటోంది, అంతే కదా!