ఇంట్లోవన్నీ బండిలోకి

ఆ రోజు పొద్దున యజమాని వేసుకున్న పథకంలో వంక పెట్టడానికి ఏమీ లేదు. ఎనిమిదింటికి షెడ్డు తెరవాలి. తొమ్మిదికి రైల్వే స్టేషనుకు వెళ్ళి ఇన్‌స్పెక్టరమ్మను కారెక్కించుకోవాలి. దారిలో ఆవిడకు టిఫిను పెట్టించి, పదకొండింటికల్లా తీసుకొచ్చి బండి చూపించాలి. పన్నెండింటికి ఆవిడ ముద్ర కొట్టాలి, ఒంటిగంటకు తను కుర్చీలో వెనక్కి వాలి కళ్ళు మూసుకోవాలి. ఇంత చక్కటి పథకాన్ని చెడగొట్టింది ఒక పన్ను. పోనీ అది ఆయన పన్నా అంటే, అదీ కాదు. వడ్రంగి మేస్త్రీది.

ఆయన షెడ్డులో తయారయ్యేవి ఇల్లుబండ్లు. మంచం, పొయ్యి, సింకు, బీరువా అన్నీ లోపలే ఉండి, ఊళ్ళు తిరగాలనే సరదా ఉన్నవాళ్ళు ఇంటిని వెంటబెట్టుకుని పోయే బండ్లన్నమాట. ఒక టూరిస్టు కంపెనీ పన్నెండు బండ్లు కావాలంది గానీ ఓ మెలిక పెట్టింది. బండికి పచ్చముద్ర ఉండాలట. కొత్తగా ఒక్క చెట్టు కూడా కొట్టకుండా, అప్పటికే జనం వాడిన సామానుతోనే లోపలంతా అమర్చారని అధికారి స్వయంగా చూసి వేసే ముద్ర అది. పడిందా, ఏడాది పొడుగునా పని. పడలేదా, ఒకటో తారీఖున షెడ్డుకు తాళం, పద్నాలుగు మంది పనివాళ్ళు ఇంటికి. ఈ సంగతి షెడ్డులో అందరికీ తెలుసు.

ఎవరికీ తెలియని సంగతి ఇంకొకటుంది. దొరికిన పాత చెక్క సగం సామానుకే సరిపోయింది. మిగతా సగాన్ని మేస్త్రీ కొత్త చెక్కతో చేసి, చిక్కటి టీ డికాక్షను నాలుగు పూతలు పూసి, ఇనప గొలుసుతో అక్కడక్కడా బాది, ముప్ఫై ఏళ్ళ వయసు తెప్పించాడు. “ఇది పాతదేనా?” అని యజమాని అడిగితే, “చూడ్డానికి పాతదే సార్” అన్నాడు. అంతకుమించి యజమాని తవ్వలేదు. తవ్వకపోతే మనశ్శాంతిగా ఉంటుందనుకున్నాడు గానీ, మూడు రోజులుగా ఆయనకు ముద్ద దిగడం లేదు. తండ్రి చేతుల మీద నడిచిన షెడ్డులో ఇలాంటి పని ఎప్పుడూ జరగలేదు మరి.

ఆ షెడ్డులో ఒక అలవాటుంది. ఏ బండి సామానూ నేరుగా బండిలోకి పోదు. బండి లోపలి కొలతలతోనే షెడ్డు మధ్యలో చెక్కతో కట్టిన ఒక డొల్ల గది ఉంటుంది. మంచం కాలు ఎక్కడికొస్తుంది, బీరువా తలుపు తెరిస్తే దేనికి తగులుతుంది అని అందులో పెట్టి చూసుకుని, ఆఖరి రోజున అన్నిటినీ బండిలోకి మారుస్తారు. ఆ డొల్ల గదిని యజమాని తండ్రి కాలం నుంచీ అందరూ ‘ఇల్లు’ అనే పిలుస్తారు. “ఇంట్లో మంచం అడ్డొస్తోందిరా” అని అక్కడెవరైనా అంటే, అది కాపురం గొడవ కాదని అందరికీ తెలుసు. పది రోజుల కిందట చేరిన డ్రైవరుకు తప్ప.

మారుద్దామనుకున్న రోజునే మేస్త్రీ చెంప బూరెలా ఉబ్బింది. తెల్లారగానే పళ్ళ డాక్టరు దగ్గరికి పరుగెత్తాడు. యజమాని అప్పటికే కారులో స్టేషనుకు సగం దూరం వెళ్ళిపోయాడు. ఇక గత్యంతరం లేక డ్రైవరుకు ఫోన్ చేశాడు.

“ఏమయ్యా, నేను స్టేషనుకి వెళ్తున్నా. ఈలోగా నువ్వు ఇద్దర్ని సాయం తీసుకుని ఇంట్లోవన్నీ బండిలోకి ఎక్కించెయ్.”

“అన్నీనా సార్?”

“అన్నీ. పాతవి ఒక్కటి కూడా వదలకు. కాళ్ళకి బోల్టులు బిగించి నేలకి పట్టెయ్. కదిలేది ఏదీ ఉండకూడదు.”

డ్రైవరు కాసేపు నసిగాడు. “అమ్మగారు ఏమైనా అంటారేమో సార్.”

అమ్మగారంటే ఇన్‌స్పెక్టరమ్మ అనుకున్నాడు యజమాని. “ఆవిడ ఏమీ అనకుండా చూసుకోడమే మన పని. ఎదురు చెప్పకు. ఆవిడకి ఎలా కావాలంటే అలా చెయ్. సరేనా?”

“సరే సార్.”

“అయ్యాక ఇల్లు శుభ్రంగా ఊడ్చెయ్. ఒక్క పుల్ల కనపడకూడదు.”

ఎంత పనిమంతుడో చూడండి. చెప్పిన మాట పొల్లు పోకుండా చేశాడు. సార్ పనుందన్న ఒక్క మాటతో ఇద్దరు వెల్డర్లను వెంటేసుకుని, బండి తీసుకుని, మూడు వీధులవతల ఉన్న యజమాని ఇంటి ముందు ఆపాడు.

తలుపు తీసింది అత్తగారు. ఇంట్లోవన్నీ బండెక్కించమని సార్ చెప్పారనగానే ఆవిడ మొహం విప్పారింది. కూతురి పెళ్ళైన ఏడాది నుంచీ అల్లుడు ఒకటే మాట చెబుతున్నాడు, మంచి బండి తయారవగానే మిమ్మల్నందర్నీ ఎక్కించుకుని ఊళ్ళు తిప్పుతానని. పదకొండేళ్ళలో డెబ్భై బండ్లు తయారై వెళ్ళిపోయాయి గానీ, ఆవిడ వీధి మలుపు దాటలేదు. “చూశావా, చెప్పకుండా చేద్దామనుకున్నారన్నమాట” అని మురిసిపోయి, రెండు చీరలు, మందుల డబ్బా సంచిలో పెట్టుకుని, తన పడక్కుర్చీని ముందుగా బండిలో పెట్టించి, అందులో కూర్చుంది. కుర్చీ కాళ్ళకు బోల్టులు బిగించాలి, కాస్త లేవండమ్మా అంటే లేవలేదు. లేస్తే ఇంకెవరైనా కూర్చుంటారని ఆవిడ అనుమానం. ఎదురు చెప్పొద్దన్నారు కాబట్టి డ్రైవరు ఆవిడతో సహా బిగించేశాడు.

మంచం వెళ్ళింది. బల్ల వెళ్ళింది. చెక్క బీరువా, వంటింటి అల్మారా, గోడ అద్దం, చెప్పుల స్టాండు అన్నీ వెళ్ళాయి. ఎదురింటావిడ ఇదంతా బాల్కనీలోంచి చూసింది. ఊరుకునే మనిషి కాదు. లైబ్రరీలో పనిచేస్తున్న యజమాని భార్యకు ఫోన్ చేసింది.

“నీకూ మీ ఆయనకీ ఏమైనా మాటా మాటా వచ్చిందా అమ్మా?”

“లేదే. ఏం?”

“ఏమీ లేదులే. మీ అమ్మని సామానుతో పాటు బండెక్కించి పంపించేస్తున్నారు. నీకు తెలుసేమో అనుకున్నా.”

లైబ్రరీలో గట్టిగా మాట్లాడకూడదని పదేళ్ళుగా అందరికీ చెబుతూ వచ్చిన మనిషి, ఆ రోజు మాట్లాడిన మాట పుస్తకాలకు అట్టలు వేసే గది దాకా వినిపించిందట.

ఇక్కడ కారులో ఇన్‌స్పెక్టరమ్మ కులాసాగా కబుర్లు చెబుతోంది. సన్నగా, పొడుగ్గా, ఒళ్ళో భూతద్దం పెట్టెతో కూర్చుంది. “పోయిన వారం ఒక షెడ్డుకి వెళ్ళానండీ. అంతా పాత చెక్కేనన్నారు. నాకు ముక్కు కాస్త చురుకు. వంగి వాసన చూస్తే కాఫీ. కొత్త చెక్కకి కాఫీ పట్టించారు పాపం.”

యజమాని కారు వేగం తగ్గించాడు. “తర్వాత?”

“తర్వాతేముంది, ముద్ర లేదు. ఇంకెప్పుడూ రాదు కూడా.”

 మిగతా దారిలో యజమాని నిజం చెప్పేద్దామని రెండుసార్లు అనుకున్నాడు. రెండుసార్లూ పద్నాలుగు మొహాలు కళ్ళ ముందు కదిలాయి. వాళ్ళ సంగతి తలుచుకుంటే భయం, తను చేసిన పని తలుచుకుంటే సిగ్గు. కారు షెడ్డు ముందు ఆగేసరికి ఆయన చొక్కా వీపుకు అతుక్కుపోయింది.

డ్రైవరు నవ్వు మొహంతో ఎదురొచ్చాడు. “అంతా అయిపోయింది సార్. ఇల్లు ఊడ్చేశా కూడా.”

ఇన్‌స్పెక్టరమ్మ బండి తలుపు తీసింది. లోపల పడక్కుర్చీలో సంచి ఒళ్ళో పెట్టుకుని అత్తగారు కూర్చునుంది.

“రండి, రండి. మీరు కూడా మాతో వస్తున్నారా?” అంది ఆవిడ.

యజమాని ఇన్‌స్పెక్టరమ్మ భుజం మీదుగా లోపలికి చూశాడు. తన మంచం. తన బల్ల. తను రోజూ గడ్డం గీసుకునే అద్దం. ఒక్క నిమిషం, షెడ్డుకు రాబోయి ఇంటికొచ్చానేమో అనుకున్నాడు. డ్రైవరును పక్కకు లాగి, “ఇల్లు అంటే ఏ ఇల్లు అనుకున్నావురా?” అని గుసగుసలాడాడు.

“మీకు రెండిళ్ళు ఉన్నాయని నాకేం తెలుసు సార్?” అన్నాడు డ్రైవరు నొచ్చుకుంటూ.

సరిగ్గా ఆ మాట చెవిన పడుతుండగానే ఆటో దిగింది భార్య. “ఏమిటీ? రెండిళ్ళా?”

యజమాని ఏం చెప్పబోయాడో ఎవరికీ తెలియదు. ఈలోగా ఇన్‌స్పెక్టరమ్మ బండిలోంచి తల బయటపెట్టి, “ఈ సామాను నిజంగా వాడినదేనని ఎవరు చెబుతారు?” అని అడిగింది.

“నేను చెబుతా” అని చీర కుచ్చిళ్ళు ఎత్తిపట్టుకుని బండెక్కింది భార్య. “మొత్తం చెబుతా. రాసుకోండి.”

ఇన్‌స్పెక్టరమ్మ నిజంగానే పుస్తకం తీసింది.

“ఈ మంచం ఉంది చూశారూ, తొమ్మిదేళ్ళుగా కిర్రుమంటోంది. పక్కకి తిరిగితే వీధి చివరిదాకా వినపడుతుంది. మేకు కొట్టండీ అంటే రేపంటారు. బండ్లు చేసే మనిషి ఇంట్లో మంచానికి మేకు కొట్టే దిక్కు లేదు.”

“తొమ్మిదేళ్ళు” అని రాసుకుంది ఇన్‌స్పెక్టరమ్మ. “బల్ల మీద ఈ మచ్చ?”

“ఇస్త్రీ పెట్టె. తన చొక్కా తనే ఇస్త్రీ చేసుకుంటానని ఒక్కసారి బయల్దేరారు. అదే మొదలు, అదే ఆఖరు.”

“చాలా బావుంది. ఈ బీరువా తలుపు సందులో కాగితం ఏమిటి?”

“మూసుకోదు కదండీ, అందుకని ఆయన ఏదో మడిచి పెట్టారు.”

ఇన్‌స్పెక్టరమ్మ దాన్ని లాగి, మడత విప్పి, తేదీ చూసింది. “భేష్. సాక్ష్యం అంటే ఇలా ఉండాలి. పదకొండేళ్ళ కిందటి పెళ్ళి కార్డు.”

భార్య ఆ కార్డు అందుకుని చూసింది. బంగారు అంచు అరిగిపోయి, మధ్యలో మడత నల్లబడింది. “మన కార్డా?” అంది నెమ్మదిగా. అంతవరకూ అరిచిన మనిషి నెమ్మదిగా మాట్లాడేసరికి యజమానికి ముచ్చెమటలు పోశాయి.

అత్తగారు మాత్రం పడక్కుర్చీ గురించి ఎవరూ అడగకుండానే చెప్పుకుపోతోంది. అది తన అత్తగారిదనీ, చేతి మీద ఉన్న పళ్ళ గాట్లు చిన్నప్పుడు తన కూతురు పెట్టినవనీ, మూడుసార్లు గుడ్డ మార్చిందే గానీ చెక్క మార్చలేదనీ. ఇన్‌స్పెక్టరమ్మ భూతద్దం పెట్టి పళ్ళ గాట్లు చూసింది, వాసన చూసింది, కళ్ళజోడు తుడుచుకుంది. “పదిహేనేళ్ళ నుంచీ ఈ ఉద్యోగం చేస్తున్నా. ఇంత నిజమైన సామాను నేను చూడలేదు” అని ముద్ర పెట్టె తెరిచింది.

తెరిచి ఆగింది. షెడ్డు మధ్యలో టార్పాలిను కప్పిన డొల్ల గది మీద పడింది ఆవిడ చూపు. “అందులో ఏముంది?”

అప్పుడే పళ్ళ డాక్టరు దగ్గర్నుంచి వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు మేస్త్రీ. నోటినిండా దూది. టార్పాలినుకేసి చూశాడు, యజమానికేసి చూశాడు, చేతులు ఊపుతూ “వూ వూ” అన్నాడు. ఏమంటున్నాడో ఆ దేవుడికే తెలియాలి.

ఇన్‌స్పెక్టరమ్మ టార్పాలిను ఎత్తింది. మంచం, బల్ల, బీరువా, పడక్కుర్చీ వరసగా ఉన్నాయి. ఆవిడ వంగి గట్టిగా గాలి పీల్చింది. “టీ వాసన వస్తోందే.”

యజమానికి ఇక దాచే ఓపిక లేకపోయింది. “అవును మేడమ్. అందులో సగం కొత్త చెక్క. టీ పూయించాం. బండికోసమే...”

“బండికోసమే మా పాత సామాను ఇచ్చేసి, బదులు మాకు ఇవి చేయించారన్నమాట” అని అందుకుంది అత్తగారు, కుర్చీలోంచే. “విన్నావుటే? కొత్తది పాతదానిలాగే కనపడాలని రంగు కూడా కలిపించారు. నాకు కుర్చీ కూడా చేయించారు. అనవసరంగా కేకలేశావు.”

భార్య కొత్త బీరువా దగ్గరికి వెళ్ళి తలుపు వేసింది. మూసుకుంది. తీసి మళ్ళీ వేసింది. మళ్ళీ మూసుకుంది. ఆవిడ కళ్ళలో నీళ్ళు తిరిగాయి. “ముందే చెప్పొచ్చుగా” అంది.

 చెప్పాల్సిన నిజం యజమాని ఎప్పుడో చెప్పేశాడు, ఎవరూ వినలేదు. ఇన్‌స్పెక్టరమ్మ మాత్రం ఆయనకేసి చాలాసేపు చూసింది.

“ఇవి ఇంటికైతే ఫరవాలేదు” అంది చివరికి. “బండికైతే మాట వేరే. మిగతా పదకొండు బండ్లూ నేనే చూస్తాను. వాసన కూడా.”

“అలాగే మేడమ్” అన్నాడు యజమాని. జీవితంలో అంత మనస్ఫూర్తిగా ఆయన ఏ మాటా అనలేదు.

ముద్ర పడింది. దానితో పాటు ఒక కాగితం కూడా వచ్చింది. అందులో రాసిన ఏ వస్తువునూ బండి తిరిగినన్నాళ్ళూ బండిలోంచి తీయకూడదట. పడక్కుర్చీ తొమ్మిదో వస్తువు. తిప్పుతానని చెప్పి తిప్పకుండా అందులోంచి లేచేది లేదని అత్తగారు తేల్చి చెప్పేసింది. బండి అప్పగించే ముందు నాలుగు రోజులు ఇంటిల్లిపాదినీ ఎక్కించుకుని తిరిగొచ్చాడు యజమాని. మంచం దారంతా కిర్రుమంది. పెళ్ళి కార్డు మాత్రం భార్య తన పర్సులో పెట్టుకుంది. దాని బదులు బీరువా తలుపు సందులో పెట్టమని ఇన్‌స్పెక్టరమ్మ తన విజిటింగ్ కార్డు ఇచ్చి వెళ్ళింది.

ఇప్పుడు మిగతా బండ్లకోసం మేస్త్రీ వీధి వీధీ తిరిగి నిజంగానే పాత సామాను కొంటున్నాడు. డ్రైవరు బండి ఆగితే చాలు, ఎదురింటావిడ తలుపులేసుకుంటోంది. యజమానికి ముద్ద దిగుతోంది, ఇంట్లో బీరువా తలుపు మూసుకుంటోంది. అత్తగారికి మాత్రం కొత్త కుర్చీలో కూర్చున్నప్పుడల్లా ఎందుకో టీ తాగాలనిపిస్తోందట.