చీఫ్ గెస్టు గారికి తీరిక దొరికిన రోజు

గ్రాడ్యుయేషన్ వేడుకను ఏడాది పాటు వాయిదా వేసే కాలేజీలకు పూలదండలు వెయ్యాలి! నవ్వకండి. నేను పరాచికాలాడే మనిషిని కాను. కావాలంటే మా వీధిలో ఎవరినైనా అడగండి.

మా పల్లెటూరి బడిలో ఈ సౌకర్యం లేదు. మేష్టారు పాసైనవాళ్ళ పేర్లు గోడకి అంటించి, జిగురు చేతులు కడుక్కుని వెళ్ళిపోయేవారు. పేరుంటే ఇంటికి పరుగు, లేకపోతే ఎటైనా పరుగు. పాసయ్యానని చెబితే మా అమ్మ పొయ్యి దగ్గర్నుంచే "సరేలే, నీళ్ళు తోడు" అంది. ఎంత అనాగరికం!

ఇప్పుడలా కాదు. మా అమ్మాయి చివరి సంవత్సరం పూర్తిచేసింది, పాసైంది, ఉద్యోగంలో కూడా చేరిపోయింది. వేడుక మాత్రం చీఫ్ గెస్టు గారి తీరిక కోసం ఆగింది. ఒకసారి కాదు, రెండుసార్లు తేదీ మారింది.

లాభాలు చూడండి. వేడుక నాటికి అమ్మాయి క్లాస్‌మేట్ ఒకతె పెళ్ళి చేసుకుని, చంకలో బిడ్డతో పట్టా అందుకుంది. రెండు తరాలకి ఒకే ఫోటో! ఇంకొకడు ఆఫీసులో సెలవు దొరక్క, తాతయ్య పోయాడని చెప్పి వచ్చాడు. ఆ తాతయ్యే ముందు వరసలో కూర్చుని అందరికంటే గట్టిగా చప్పట్లు కొట్టాడు. మా బావమరిదికైతే మేనకోడలు ఏం చదివిందో మర్చిపోయేంత వ్యవధి దొరికింది. ఇంత మేలు ఏ కాలేజీ చేస్తుంది?

ఈ సంగతి అందరికంటే ముందు గ్రహించింది మా ఆవిడ. మొదటి తేదీ కోసం కొత్త చెప్పులు కొనుక్కుంది. అక్కడ కరవకుండా ఉండాలని రోజూ గంటసేపు ఇంట్లోనే వేసుకుని తిరిగేది.

"పట్టా తీసుకునేది అమ్మాయా, నువ్వా?" అన్నాను.

"ఇద్దరం. మీరు బ్యాగు మొయ్యండి" అంది.

వాయిదా పడిందని మెసేజ్ వస్తే, "మంచిదే, ఈలోగా చెప్పులు మెత్తబడతాయి" అంది. రెండోసారి వాయిదా పడేసరికి మంచం పట్టింది. "ఇంకా మంచిది, ఈలోగా నేను లేస్తాను" అంది.

కాలేజీ తరఫున ఇంతకంటే బాగా ఎవరు వాదించగలరు?

మూడో తేదీ దాకా ఆగే ఓపిక మాత్రం లేకపోయింది. ఎప్పుడూ తొందరే ఆ మనిషికి. పోయింది.

ఆ మూడో తేదీ నిలబడింది. చీఫ్ గెస్టు గారు రెండున్నర గంటలు మాత్రమే ఆలస్యంగా వచ్చారు. ఒక్కో విద్యార్థికి రెండు పాసులు కదా, అమ్మకొకటి, నాన్నకొకటి! నా పక్క కుర్చీలో చేతిరుమాలు వేసి కూర్చున్నాను. మా అమ్మాయి గౌను సర్దుకుంటూ స్టేజీ పక్కనుంచి ఆ కుర్చీ వైపు ఒక్కసారి చూసి, తల తిప్పేసుకుంది.

చీఫ్ గెస్టు గారు మైకు అందుకున్నారు. "ఈ విజయం మీది కాదు, మీ తల్లులది! తల్లులందరూ లేచి నిలబడాలి!"

హాలంతా కుర్చీల చప్పుడు. నేనూ లేచాను.

బ్యాడ్జీ పెట్టుకున్న లెక్చరరు ఒకాయన పరుగున వచ్చాడు. "సార్, సార్, తల్లులు మాత్రమే! కూర్చోండి. ఈ కుర్చీ ఖాళీయేనా? చీఫ్ గెస్టు గారి పి.ఏ. నిలబడే ఉన్నారు. మేడమ్ గారు రాలేదాండీ?"

"మీరు చెప్పిన మొదటి తేదీకి తయారై కూర్చుంది బాబూ" అన్నాను. "మీరే రాలేదు."