టోపీ ఉన్నోడు మనోడు

యుద్ధ సినిమాలు జనాన్ని చెడగొడుతున్నాయని ఎవరైనా అంటే నేను ఒప్పుకోను. ముఖ్యంగా పొద్దున ఒక సైన్యంలో, మధ్యాహ్నం ఇంకో సైన్యంలో, సాయంత్రానికి ఇద్దరికీ మధ్యవర్తిగా తేలే వీరుల సినిమాలు దేశానికి చాలా అవసరం. వాటికి వినోదపు పన్ను రద్దు చేసి ఊరూరా ఉచితంగా చూపించాలని ప్రభుత్వాన్ని డిమాండ్ చేస్తున్నాను!

నీకేం అర్హత ఉందయ్యా అంటారా? ఇరవై రెండేళ్లుగా అశ్వారావుపేట నుంచి భద్రాచలం దాకా ఎక్కడ టూరింగ్ టాకీసు గుడారం లేచినా, అందులో యుద్ధ సినిమా ఆడితే నేను వెళ్లకుండా ఉన్నది లేదు. ఎడారి యుద్ధం, మంచు యుద్ధం, సముద్రం అడుగున యుద్ధం, అన్నీ చూశాను. స్వయంగా పాల్గొన్నది మాత్రం కిరోసిన్ క్యూలో జరిగిన యుద్ధం ఒక్కటే. అందులో నేను గెలవలేదు.

పాత యుద్ధ సినిమాల్లో ఏముండేది చెప్పండి? మనవాళ్లు మంచివాళ్లు, అవతలివాళ్లు చెడ్డవాళ్లు. మనవాడు చస్తే ఏడుపు, అవతలివాడు చస్తే ఈల. ఇందులో నేర్చుకోవడానికి ఏమీ లేదు. కొత్త రకం వాటిలో గూఢచారి దేశభక్తుడని తేలుతుంది, దేశభక్తుడు సైన్యం పటాలు శత్రువుకు అమ్ముకుంటాడు, ఖైదీ, కాపలావాడు ఒకే దుప్పటి కప్పుకుని పారిపోతారు. చూసేవాడికి బుర్ర పని చేయాలి.

మా పక్కింటి ధన్‌సింగ్ హైస్కూల్లో డ్రిల్లు మాస్టారు. ఇలాంటి సినిమా ఒకటి చూసొచ్చి రెండు రోజులు డ్రిల్లు చేయించలేదు. ఏమైందంటే, "సారూ, ఆళ్లల్ల ఎవడు ఎవడి దిక్కో సమజైతలేదు. అసలు నేనెవరి దిక్కో ముందుగాల తేల్చుకోవాలె" అన్నాడు. వారం తిరక్కుండా పంతుళ్ల యూనియన్ మారాడు. సినిమాకూ దానికీ సంబంధం లేదంటాడు గానీ, నేను నమ్మను.

మా ఇంట్లో సంగతి చూడండి. మా అమ్మా, మా ఆవిడా పదేళ్లుగా వంటింట్లో సరిహద్దు గీసుకుని కాపురం చేశారు. పొయ్యి ఒకరిది, పోపుల డబ్బా ఇంకొకరిది. ఇద్దరినీ ఓ యుద్ధ సినిమాకు తీసుకెళ్లాను. మర్నాడు తెల్లారేసరికి సంధి కుదిరింది. ఉమ్మడి శత్రువు కావాలి కదా, అది నేను! ఆ రోజు నుంచి నాకు రోజుకు ఒకే టీ.

ఇవన్నీ చిన్న మేళ్లు. మా ఊరికి జరిగిన పెద్ద మేలు చెబుతాను, వినండి.

ఎనభై ఏడులో మండల ఎన్నికలకు నెల ముందు సంగతి. సంత జరిగే మైదానంలో సర్వర్ సాహెబ్ టూరింగ్ టాకీసు వెలిసింది. ప్రొజెక్టరు ఒక్కటే. ఒక రీలు అయిపోయాక లైటు వేసి, ఇంకో రీలు ఎక్కించేదాకా ఆగాలి. ఆ సందులో ఆపరేటర్ షుకూర్ మైకు పట్టుకుని కథ చెబుతాడు. సినిమా ఏదో విదేశీ భాషది. ఆ భాష ఊళ్లో ఎవరికీ రాదు, షుకూర్‌కూ రాదు. కానీ ఖమ్మంలో నాలుగుసార్లు చూసి వచ్చాడు కాబట్టి కథ అతని నోట్లో ఉంది.

మా జనం మర్యాదస్తులు. మనవాడెవడో తెలియనిదే సినిమా చూడరు. అందుకే రీళ్ల డబ్బాలున్న సినిమా పెట్టెకు దండ వేసి కొబ్బరికాయ కొట్టగానే షుకూర్ ప్రకటించాడు: "టోపీ ఉన్నోడు మనోడు. టోపీ లేనోడు అవతలోడు. యాద్ పెట్టుకోండ్రి."

ఇక్కడ మా ఊరి పద్ధతి ఒకటి చెప్పాలి. గుడారం మధ్యలో తాడు కట్టి ఉంటుంది. ఎడమవైపు మిల్లు వీరభద్రం మనుషులు కూర్చుంటారు. కుడివైపు ట్రాక్టర్ల అనంతరామయ్య మనుషులు. ఈ ఇద్దరు పెద్దలూ ఒకరు తుమ్మితే ఇంకొకరు చిరంజీవ అనరు. ఎడమవాళ్లు వెంటనే టోపీ సైన్యాన్ని తీసుకున్నారు. వాళ్లు తీసుకున్నదాన్ని కుడివాళ్లు తీసుకోరు కదా, టోపీ లేని సైన్యానికి జై కొట్టారు.

రెండో రీల్లోనే కొంప మునిగింది. ఎడారిలో ఎండకు తాళలేక టోపీ కెప్టెన్ టోపీ తీసి విసిరేశాడు!

"షుకూర్ భాయ్, వాడింక మనోడేనా?" అని ఎడమవైపు నుంచి కేక.

షుకూర్ బొమ్మ ఆపాడు. "మనోడే. ఉడకపోతకు తీసిండు."

మూడో రీల్లో టోపీ లేనివాడొకడు చచ్చినవాడి టోపీ తీసి పెట్టుకున్నాడు. కుడివైపున పద్నాలుగు మంది లేచి, తువ్వాళ్లు దులుపుకుని, తాడు కింద నుంచి దూరి ఎడమవైపుకు వెళ్లిపోయారు. నాలుగో రీల్లో వాడు టోపీ తీశాడు. పద్నాలుగు మందీ వెనక్కి వచ్చారు, వాళ్లతో పాటు కొత్తగా ఇంకో ఆరుగురు. ఆరో రీలుకు ఎవరు ఎవరి మనిషో వీరభద్రానికే తెలియలేదు. పల్లీలమ్మే బిచ్యా మాత్రం సరిగ్గా తాడు కిందే బుట్ట పెట్టుకుని కూర్చున్నాడు. "నేనీడికెల్లి కదల. రెండు దిక్కుల గిరాకీ ఈ తొవ్వనే పోతున్నరు" అన్నాడు. రాజకీయ శాస్త్రంలో అంతకంటే గొప్ప మాట నేను వినలేదు.

ఇంతకీ సినిమా దేని గురించి? నీళ్ల గురించి. శత్రువులైన రెండు దళాలు ఎడారిలో దారి తప్పాయి, రెండింటికీ నీళ్లు లేవు. ఈ మాట ప్రచారపు బండి మీద మైకులో చెప్పడం వల్లే హేమ్లా తండా నుంచి మంగ్లి వచ్చింది. ఆడవాళ్లకు గుడ్డ అడ్డం కట్టిన చోట అందరికంటే ముందు కూర్చుంది.

మంగ్లి ఎందుకు వచ్చిందో మీకు తెలియాలి. వాళ్ల తండాలో ఇరవై ఆరు ఇళ్లు, బోరింగు లేదు. వేసవి వస్తే ఆడవాళ్లు వాగు దాకా నడిచి, ఇసుకలో చెలిమె తవ్వి, ఊరేదాకా కూర్చుని, గిన్నెతో తోడుకుని తెస్తారు. ఆ చెలిమె నీళ్లకే ఆ ఏడు మంగ్లి చిన్న కూతురు జమ్లి రెండుసార్లు దవాఖానాలో పడింది. బోరింగు వేయిస్తానని ఆరేళ్లుగా వీరభద్రం చెబుతున్నాడు. అనంతరామయ్య అడ్డం పడుతున్నాడట. వేయిస్తానని అనంతరామయ్యా చెబుతున్నాడు. వీరభద్రం అడ్డం పడుతున్నాడట.

పదకొండో రీలు వచ్చింది. ఎడారి మధ్యలో ఒక బావి. టోపీ కెప్టెన్ దగ్గర చేంతాడు ఉంది, బొక్కెన లేదు. రెండో కెప్టెన్ దగ్గర బొక్కెన ఉంది, చేంతాడు లేదు. ఇద్దరూ తుపాకులు గురిపెట్టుకుని చాలాసేపు నిలబడ్డారు. చివరికి తుపాకులు కింద పెట్టి, బొక్కెనకు తాడు కట్టి, ఇద్దరూ కలిసి తోడారు. ఒకరి దోసిట్లో ఒకరు పోసుకుని తాగారు. కావలించుకున్నారు.

గుడారం లేచిపోయింది! మధ్యలో కట్టిన తాడు ఎవరు తెంపారో తెలియదు. అటువాళ్లూ ఇటువాళ్లూ కలిసిపోయారు. నాకు ఏడుపొచ్చింది, సిగ్గు లేకుండా ఏడ్చాను. లైటు వెలిగేసరికి వీరభద్రం, అనంతరామయ్య కుర్చీల్లోంచి లేచి ఒకరినొకరు చూసుకుంటున్నారు. ఎవరో నెట్టారు. ఇద్దరూ కావలించుకున్నారు. వేయడానికి దండ లేకపోతే సినిమా పెట్టెకు వేసిన దండే తీసి ఇద్దరికీ కలిపి వేశారు. ఇద్దరూ ఒకే జీపు ఎక్కి వెళ్లిపోయారు, జనం జీపు వెంట పరుగెత్తారు.

అప్పుడు షుకూర్ మైకులో అరుస్తున్నాడు: "ఆగుండ్రి, సినిమా అయిపోలె! పన్నెండో డబ్బా పెట్టెల రాలె. మిగిలిన కథ నేను చెప్త, కూసోండ్రి!"

ఎవరు కూర్చుంటారు? తోపులాట తగ్గేదాకా ఆగిన ఆడవాళ్లు, కళ్లు తుడుచుకుంటున్న నేను మిగిలాం. షుకూర్ మాకే చెప్పాడు. "ఆ ఇద్దరు తాగి ఊకోలె. గుట్టల కింద ఓ పల్లె ఉంటది. ముసలోళ్లు, పిల్లలు దూపకు నాలుక ఎండి పడి ఉంటరు. ఈళ్లిద్దరు బొక్కెన మోసుకొని ఆడికి పోతరు. ఒక్కొక్కళ్లకు నీళ్లు తాపుతరు. ఆఖరి రీలు గదే."

మంగ్లి ఆ మాటంతా విని, "తాపుతరా?" అని అడిగింది. తాపుతరన్నాడు షుకూర్.

ఆ తరువాత మా ఊరు పొందిన శాంతిని ఏమని వర్ణించను! ఎన్నికలు పెళ్లిలా జరిగాయి. ఒకరు అధ్యక్షుడు, ఇంకొకరు ఉపాధ్యక్షుడు. గోడల మీద రెండు రంగుల అవసరం తీరిపోయింది. రెండు హోటళ్లలో విడివిడిగా తిట్టుకునేవాళ్లు ఒకే బల్ల మీద కూర్చుని పక్క మండలాన్ని తిట్టసాగారు. కొట్లాటలు లేక ఠాణాలో జవాన్లు గులాబీ మొక్కలు పెంచారు.

ఈ శాంతిని అర్థం చేసుకోలేనివాడు ఒక్క హేమ్లాయే. తండాకు పెద్దమనిషి కదా, కొత్త అధ్యక్షుడు వీరభద్రం దగ్గరకు వెళ్లాడు. తోడుగా నన్నూ రమ్మన్నాడు.

"పటేలా, అప్పుడు ఆయన అడ్డం పడుతున్నడంటిరి. ఇప్పుడు ఇద్దరు ఒక్కటైతిరి. ఇగ బోరింగుకు అడ్డం ఎవరు?" అని అడిగాడు.

వీరభద్రం మంచివాడు, అబద్ధమాడలేదు. "అడ్డం ఎవరూ లేరు హేమ్లా. అందుకే తొందర గూడ లేదు" అన్నాడు.

నిజమే కదా? ఇద్దరూ శత్రువులుగా ఉన్నన్నాళ్లు ఆ ఇరవై ఆరు ఇళ్ల ఓట్ల కోసం ఒకరు పొద్దున, ఒకరు సాయంత్రం తండాకు పోయేవారు. స్నేహితులయ్యాక ఆ శ్రమ తప్పింది. జీపుకు డీజిల్ ఆదా, దేశానికి మేలు.

మరుసటేడు తండా పేరు మీద బోరు మంజూరైంది. బోరు లారీ వచ్చింది కూడా. తండా మలుపు దగ్గర ఆడవాళ్లంతా నిలబడ్డారు. లారీ ఆగలేదు, నేరుగా వీరభద్రం మిల్లు ఆవరణలోకి వెళ్లింది. తండా బాట లారీకి పనికిరాదని అనంతరామయ్య సర్టిఫై చేశాడు. వడ్లు పట్టించుకోవడానికి తండావాళ్లు మిల్లుకు వస్తారు కాబట్టి ఇది తండా బోరింగే అని వీరభద్రం వివరించాడు. నీళ్లు పడ్డప్పుడు ఇద్దరూ పైపు చెరోవైపు పట్టుకుని ఫోటో దిగారు. పదకొండో రీలు అచ్చంగా అలాగే ఉంటుంది.

ఇది జరిగి మూడేళ్లయింది. షుకూర్ పనిచేసే గుడారం ఇప్పుడు సత్తుపల్లి వైపు తిరుగుతోంది, ఎండాకాలం మాత్రం మా సంతకు వస్తుంది. వచ్చిన ప్రతిసారీ మంగ్లి నెత్తిన బిందెతో వాగుకు పోతూ టిక్కెట్ల గుమ్మం దగ్గర ఆగుతుంది. పోయిన సంత రోజున నేనూ అక్కడే ఉన్నాను.

"ఆఖరి రీలు వచ్చిందా భాయ్?"

"రాలె చెల్లె."

"అసలు ఉన్నదా, నువ్వే అల్లి చెప్పినవా?"

"ఖుదా కసమ్, ఖమ్మంల నా కండ్లతోటి చూసిన. పిల్లలకు తాపిన్రు."

"అవ్. చూసినవంటే ఉన్నట్టే" అని మంగ్లి వాగు దారి పట్టింది.

కాబట్టి ప్రభుత్వానికి నా డిమాండ్‌లో ఒక చిన్న సవరణ. పన్ను రద్దు వద్దు, ఉచిత ప్రదర్శనలూ వద్దు. పదకొండు రీళ్ల వరకు మావాళ్లకు ఎవరూ నేర్పనక్కర్లేదు. ఆ పన్నెండో డబ్బా ఎక్కడ దిగిపోయిందో వెతికించి పంపండి చాలు. ఆట మాత్రం మిల్లు ఆవరణలో కాదు, తండాలో వేయండి. మంగ్లి బిందె తెచ్చుకుని కూర్చుంటానంది.