దోషంలేని జాతర

ఇందుమూలంగా యావన్మంది రోము పౌరులకు తెలియజేయడమేమనగా, జూపిటర్ దేవుడికి ఈ నవంబరులో జరిపిన మూడు రోజుల జాతరలో దోషం దొర్లినట్టు పెద్ద పూజారిగారు గుర్తించినందున, సదరు జాతర మొదటినుంచి మళ్లీ జరపబడును. ఆ మూడు రోజులూ కోర్టులు మూయబడును. ఎద్దు మాంసం యథావిధిగా పంచబడును.

ఊరి నడిబొడ్డు కూడలి ఫోరంలో రాతిమెట్టు ఎక్కి చాటింపు మనిషి ఇది చదువుతుంటే, జనం కోర్టుల మాట దగ్గర ఊరుకుని మాంసం మాట దగ్గర చప్పట్లు కొట్టారు. దోషమేమిటో చివర్లో చెప్పాడు. బలి జరుగుతుండగా సన్నాయి ఆగిందట.

గుంపు వెనకాల నిలబడి వింటున్న మామెర్కుస్‌కు ఒక్క క్షణం ఏమీ అర్థం కాలేదు. ఆ సన్నాయి అతనిదే.

ఇరవై ఆరేళ్లుగా రోములో ఏ పెద్ద బలి జరిగినా జంట సన్నాయి అతనే వాయిస్తున్నాడు. ఎద్దును పీఠం దగ్గరకు తెచ్చిన దగ్గర్నుంచి మంత్రం పూర్తయ్యేదాకా సన్నాయి ఆగకూడదు. ఆగితే ఏ దగ్గో, ఏ తిట్టో, ఏ పసిబిడ్డ ఏడుపో దేవుడి చెవిన పడుతుంది, పడితే అంతా మళ్లీ మొదటికొస్తుంది. అందుకే అతను ముక్కుతో గాలి పీలుస్తూ బుగ్గల్లోంచి ఊదడం నేర్చాడు. అతని పెళ్లినాడు కూడా దండలు వేసుకోబోయే ముందు ఎవరో బలి ఉందని పిలిస్తే వెళ్లి, వాయించి, వచ్చి పెళ్లి చేసుకున్నాడు. అలాంటివాడి సన్నాయి ఆగిందని ఊరంతటికీ చాటించారు. ఇంటికి పోయే దారిలో రొట్టెలమ్మేవాడు "ఏం గురూ, ఊపిరి అయిపోయిందా?" అని పలకరించాడు.

మర్నాడు పొద్దున్నే మామెర్కుస్ వెట్టీడియుస్ గుమ్మం ముందు నిలబడ్డాడు.

ఆ ఏడాది రోములో భక్తి విషయంలో వెట్టీడియుస్‌ను మించినవాడు లేడు. జాతరలు, సంతలు, ధాన్యం కొట్లు చూసే అధికారం అతనిదే. ఆగస్టులో నది ఒడ్డున అతను కట్టించిన ధాన్యం కొట్టు గోడ కూలి పదకొండుమంది హమాలీలు చచ్చిపోయారు. సున్నం వెయ్యాల్సిన చోట ఇసుక వేశారని తాపీమేస్త్రీలు అన్నారు. దైవనిర్ణయం అని వెట్టీడియుస్ అన్నాడు. ఆనాటి నుంచీ దైవం విషయంలో అతని శ్రద్ధ రోజురోజుకూ పెరుగుతూ వచ్చింది. చనిపోయినవాళ్లలో మామెర్కుస్ చెల్లెలు నొవెల్లియా మొగుడు కూడా ఉన్నాడు. ఆమె తరఫున ఒక ముసలి వకీలు వెట్టీడియుస్ మీద కేసు పెట్టాడు. మామెర్కుస్ మాత్రం కేసు వేరు, కొలువు వేరు అనుకునేవాడు. అధికారి ఎవరైనా దేవుడు ఒక్కడే కదా అని తనకు తాను చెప్పుకునేవాడు. చెల్లెలికి ఆ మాట చెప్పే ధైర్యం మాత్రం ఎప్పుడూ రాలేదు.

పొద్దుటి దర్శనానికి వచ్చిన నలభైమంది ఆశ్రితుల ముందే వెట్టీడియుస్ అతన్ని దగ్గరికి పిలిచి భుజం మీద చెయ్యి వేశాడు.

"నేను ఆపలేదు దొరా," అన్నాడు మామెర్కుస్.

"నువ్వు ఆపలేదని నాకు తెలుసయ్యా. నాకు తెలిస్తే చాలదా?"

"మరి ఊరంతటికీ..."

"పెద్ద పూజారిగారికి ఆగినట్టు అనిపించింది. ఆయనకి అనిపించిందంటే దేవుడికి అనిపించినట్టే. దేవుడి కోసం ఒక మాట పడటం ఎంతమందికి దొరుకుతుంది చెప్పు?"

నలభైమందీ తలలూపారు. ఎవరో కళ్లు తుడుచుకున్నారు. పెద్ద పూజారి మినాటియుస్ వెట్టీడియుస్‌కు పిల్లనిచ్చిన మామ. దైవకార్యాల్లో బంధుత్వాలు చూసుకునే మనుషులు కారని ఇద్దరికీ పేరుంది.

రెండోసారి జాతరలో మామెర్కుస్ ప్రాణం పెట్టి వాయించాడు. బుగ్గలు పగులుతాయేమోనని పక్కవాళ్లు భయపడ్డారు. మూడో రోజు సాయంత్రం మళ్లీ చాటింపు వచ్చింది. సన్నాయి అద్భుతంగా ఉందట. అయితే పీఠం దగ్గరకు వస్తూ ఎద్దు నిట్టూర్చిందట. ఇష్టపడి వచ్చిన ఎద్దు నిట్టూర్చదు గనుక, జాతర మళ్లీ జరపబడును, కోర్టులు మూయబడును, మాంసం పంచబడును.

ఈసారి తప్పు ఎద్దుది కావడంతో మామెర్కుస్ మనసు తేలికపడింది. ఆ సంతోషంలోనే చెల్లెలింటికి వెళ్లాడు. నొవెల్లియా రేవు పక్కన ఉడికించిన శనగలు అమ్ముతుంది. అన్న చెప్పిందంతా విని, మూకుడు దించి, చేతులు తుడుచుకుని, అతన్ని పూజారుల కచేరీ ముందున్న క్యాలెండరు గోడ దగ్గరకు తీసుకుపోయింది. సున్నం కొట్టిన గోడ మీద ఏడాదిలో ప్రతి రోజూ ఎర్ర రంగుతో రాసి ఉంటుంది. కోర్టు నడిచే రోజుకు ఒక గుర్తు, నడవని రోజుకు ఇంకో గుర్తు. ఒక మనిషి నిచ్చెన మీద కూర్చుని వచ్చే వారంలో రెండు గుర్తులకు సున్నం పూస్తున్నాడు.

"చదువు అన్నయ్యా," అంది ఆమె.

అతను చదివాడు. ఇప్పుడున్న న్యాయాధికారి ముక్కుసూటి మనిషి. డిసెంబరుతో ఆయన పదవి అయిపోతుంది. జనవరి ఒకటి నుంచి ఆ కుర్చీ ఎవరిదో ఎన్నికల్లో అప్పుడే తేలిపోయింది. వెట్టీడియుస్‌ది. పండగలు, అశుభదినాలు పోగా ఏడాది చివరిదాకా కేసు విచారణకు పనికొచ్చే రోజులు తొమ్మిది ఉండేవి. నీ సన్నాయి రెండు తినేసింది, ఎద్దు నిట్టూర్పు రెండు తినేసింది అని నొవెల్లియా లెక్క చెప్పింది. ఆమె గొంతులో కోపం లేదు. అదే అతనికి భరించడం కష్టమైంది.

"దేవుడి పనిలో అలా చేస్తారంటావా?" అన్నాడు.

"దేవుడి పని కాబట్టే చేస్తున్నారు. ఇంకో పనిలో చేస్తే మనం అడుగుతాం కదా."

మూడోసారి జాతరలో మంత్రం చదువుతుండగా ఒక పూజారి మొనదేలిన టోపీ జారింది. జారిన టోపీని వెట్టీడియుస్ స్వయంగా రెండు చేతులతో తీసి కళ్లకద్దుకుని, భోరున ఏడ్చి, జాతర మళ్లీ జరగాల్సిందేనన్నాడు. నాలుగోసారి ఎలుక కిచకిచలాడింది. ఆ చప్పుడు మినాటియుస్‌కు ఒక్కడికే వినిపించింది. పక్కన నిలబడి కేకేసినా వినపడదని ఆయన భార్య పదేళ్లుగా బాధపడుతున్న మాట నిజమే. అయితే పై నుంచి వచ్చే సంకేతాలు వేరే దారిలో వస్తాయని ఆయనే వివరించాడు. నాలుగు జాతరల మాంసం తిని ఊళ్లో జనం నున్నగా తయారయ్యారు. ఇంత దైవభక్తి గల అధికారి వంద ఏళ్లకొకడు పుడతాడని కల్లు దుకాణాల్లో చెప్పుకున్నారు. క్యాలెండరు గోడ మీద ఎరుపు కంటే తెలుపు ఎక్కువైంది. కోర్టు రోజు ఒక్కటే మిగిలింది. ఏడాది ముగియడానికి వారం ముందు. అది కూడా అయిదోసారి జాతర సవ్యంగా ముగిస్తేనే.

మామెర్కుస్ జీవితంలో మొదటిసారి ఎవరూ పిలవకుండా ఒక పనికి పూనుకున్నాడు. చనిపోయినవాళ్లతో కలిసి మూటలు మోసిన హమాలీలను రేవులో కూడగట్టి చెప్పాడు: దోషం దొర్లే సందు లేకుండా చేద్దాం. వాళ్లు నవ్వలేదు. కొందరు పశువుల సంతకు పోయి, పుట్టి బుద్ధెరిగి దేనికీ బాధపడని ముసలి తెల్ల ఎద్దును వెతికి తెచ్చి, వారం రోజులు మేపి, ఒళ్లు నిమిరి, పీఠం దాకా నడవడం అలవాటు చేశారు. ఇంకొందరు పీఠం చుట్టూ ఉన్న ఎలుక కన్నాలన్నీ తడిమట్టితో పూడ్చారు. పూజారుల టోపీలకు నొవెల్లియా గడ్డం కింద ముడి వేసుకునేలా గట్టి ఉన్ని తాళ్లు కుట్టింది. భక్తురాలి కానుక అని చెప్పి ఇస్తే కాదనడానికి వాళ్లకు కారణం దొరకలేదు. దగ్గు ఉన్నవాళ్లు ఇంట్లోనే ఉండండని వీధి వీధికీ చెప్పి వచ్చారు. తల్లులు పసిబిడ్డలను అత్తల దగ్గర వదిలి వచ్చారు. చెవులు బాగా వినిపించే అయిదుగురు వృద్ధ సెనేటర్లను బతిమాలి ముందు వరసలో కూర్చోబెట్టారు.

ఆ మూడు రోజులు రోములో అంత నిశ్శబ్దం అంతకుముందు ఎవరూ ఎరగరు. ఎద్దు పెళ్లికి వచ్చిన పెద్దమనిషిలా నడిచి వచ్చింది. టోపీలు కదల్లేదు. మామెర్కుస్ ఊదుతూనే ఉన్నాడు. కళ్ల వెంట నీళ్లు కారుతున్నా, కాళ్లు మొద్దుబారినా ఊదాడు. ఒక దశలో తాను ఊదుతున్నానో సన్నాయే తనని ఊదుతున్నదో అతనికి తెలియలేదు. తన పేరు కోసం వాయించడం ఎప్పుడు మానేశాడో కూడా తెలియలేదు. వెట్టీడియుస్ మాత్రం ఎద్దు ముఖం వంకే ఆశగా చూశాడు. ఎద్దు అతని ముఖం వంక ప్రశాంతంగా చూసింది.

అంతా అయ్యాక మినాటియుస్ చాలాసేపు ఆకాశం వంక చూశాడు. అపశకునం చెప్పడానికి అక్కడ ఒక్క పిట్ట కూడా లేదు. అయిదుగురు సెనేటర్లను ఒక్కొక్కరినే అడిగాడు. ఏమీ వినపడలేదని, ఏమీ పడలేదని, ఏమీ జరగలేదని వాళ్లు చెప్పారు. దోషం లేదు అని ఆయన నోటితోనే ప్రకటించాల్సి వచ్చింది. హమాలీలు మామెర్కుస్‌ను భుజాల మీద ఎత్తుకుని రేవు దాకా ఊరేగించారు. రొట్టెలమ్మేవాడు వేడి రొట్టె చేతిలో పెట్టి తల దించుకున్నాడు.

తెల్లవారగానే నొవెల్లియా ఉతికిన బట్టలు కట్టుకుని, ముసలి వకీలును, ఇద్దరు తాపీమేస్త్రీలను వెంటబెట్టుకుని ఫోరంలో న్యాయాధికారి కుర్చీ ముందు నిలబడింది. న్యాయాధికారి వచ్చి కూర్చున్నాడు. వకీలు గొంతు సవరించుకున్నాడు.

అదే సమయానికి మామెర్కుస్‌ను వెతుక్కుంటూ వెట్టీడియుస్ మనుషులు ఇంటికి వచ్చారు. సన్మానం ఉందన్నారు, సన్నాయి కూడా తెమ్మన్నారు. కోర్టు ఎలాగూ పక్కనే కదా అని అతను వెళ్లాడు. ఫోరం మెట్ల మీద వెట్టీడియుస్ అతన్ని గట్టిగా కౌగిలించుకుని తల మీద లారెల్ ఆకుల కిరీటం పెట్టాడు. వెట్టీడియుస్ కళ్లలో నీళ్లు నిజమైనవే. చాటింపు మనిషి రాతిమెట్టు ఎక్కాడు.

ఇందుమూలంగా యావన్మంది పౌరులకు తెలియజేయడమేమనగా, రోము పుట్టిన నాటినుంచి నేటివరకు ఇంత దోషరహితంగా ఏ జాతరా జరిగి ఉండలేదని పెద్ద పూజారిగారు నిర్ధారించినందున, ఇంతటి భాగ్యం కలిగించిన దేవతలకు కృతజ్ఞతగా ఈ క్షణం మొదలు ఏడాది ఆఖరు దాకా మహోత్సవం జరపబడును. కోర్టులు మూయబడును. మాంసం రెట్టింపు పంచబడును. సన్నాయి: మామెర్కుస్.

ఈసారి చప్పట్లు చాలాసేపు మోగాయి. నిన్న అతన్ని మోసిన హమాలీల్లో కూడా కొందరు కొట్టారు. రెట్టింపు అన్న మాట వాళ్లకు ముందు వినిపించింది. న్యాయాధికారి లేచాడు. బంట్రోతు కుర్చీ మడిచి చంకలో పెట్టుకున్నాడు. వకీలు విప్పిన పత్రాన్ని మళ్లీ చుట్టసాగాడు.

గుంపును తోసుకుంటూ నొవెల్లియా మెట్ల దగ్గరకు వచ్చింది. అన్న తల మీది కిరీటం వంక చూసింది.

"మూడు రోజులూ ఎక్కడా ఆగలేదంట కదా అన్నయ్యా," అంది.

అతను జవాబు చెప్పేలోపే ఎద్దును తీసుకొచ్చారు.