నరసింహన్‌కు పడని రొయ్యలు

ఆ గురువారం పొద్దున నరసింహన్ వేసుకున్న ప్లానులో రెండే పనులున్నాయి. ఏమీ తినకుండా ఎనిమిదింటికల్లా సారం అనే పేటలోని స్కాన్ సెంటరుకు వెళ్ళి కడుపు స్కాన్ తీయించుకోవడం మొదటిది. అది కాగానే వెనక వీధి మెస్సులో ఎవరి కంటా పడకుండా కూర్చుని, ఓ ప్లేటు రొయ్యల వేపుడు లాగించడం రెండోది.

మొదటి పనికి భయపడాల్సిందే. రెండు నెలలుగా కుడి పక్కన నొప్పి. ముందు తీసిన చిన్న స్కాన్‌లో కిడ్నీ మీద ఏదో గడ్డలా కనిపించింది. అది ఉత్త నీటి బుడగా, లేక మరొకటా అన్నది తేలాలంటే నరంలోకి డై ఎక్కించి సీటీ స్కాన్ తీయాలన్నాడు సర్జన్. ఆ 'మరొకటి' అన్న మాట విన్న రోజు నుంచి నరసింహన్‌కు నిద్ర లేదు. ఇక రెండో పనికైతే ఇంకా ఎక్కువ భయపడాలి. ఎందుకంటే ఇంట్లోవాళ్ళకు తెలిసినంతవరకు నరసింహన్‌కు రొయ్యలు పడవు.

మనిషి అబద్ధాలకోరు కాదండోయ్! గుమాస్తాగా చేరి, ఫైళ్ళ మధ్యే తల నెరిసి, సూపరింటెండెంటు అయినవాడు. బుద్ధెరిగాక ఆడింది ఒకే ఒక్క అబద్ధం. దాన్నే ఇరవై రెండేళ్ళుగా కన్నబిడ్డలా సాకుతున్నాడు. పెళ్ళయిన కొత్తలో అత్తగారు ధనభాగ్యం విందుకు పిలిచి రొయ్యల కుళంబు, అంటే చింతపండు పులుసు, వడ్డించింది. ముద్ద నోట్లో పెట్టుకోగానే ఇసుక పళ్ళ కింద కరకరలాడింది. ఆ పులుపుకు చెవుల్లో హోరు పుట్టింది. కొత్త అల్లుడు లేచి పెరట్లోకి ఒకటే పరుగు. తిరిగొచ్చేసరికి ఇల్లంతా కళ్ళప్పగించి చూస్తోంది. ఆ చూపులకు తట్టుకోలేక, "రొయ్యలు నాకు పడవు అత్తా, దద్దుర్లొస్తాయి" అనేశాడు. ధనభాగ్యం కళ్ళనీళ్ళు పెట్టుకుంది. అప్పటినుంచి ఆదివారం అందరికీ రొయ్యల కుళంబు, అల్లుడికి మాత్రం విడిగా కోడికూర.

తీరా బయల్దేరబోతుంటే, భార్య మరగతం చీర మార్చుకుని గుమ్మంలో నిలబడి ఉంది. పక్క వీధి నుంచి ధనభాగ్యం ఫ్లాస్కు పట్టుకుని దిగనే దిగింది.

"మన ఉప్పళం నుంచి సారం ఎంత దూరమని! నేనొక్కణ్ణే పోతాలే" అన్నాడు నరసింహన్.

"బాగుండాది! ఇట్టాంటి దానికి ఒక్కరే పోతారా యాడన్నా?" అంది మరగతం. రెండో పని అక్కడే నీళ్ళపాలైంది.

సెంటరులో దీపా అనే అమ్మాయి ఫారం ముందు పెట్టుకుని ప్రశ్నలు చదువుతూ పోయింది. నాలుగో ప్రశ్న దగ్గర ఆగి, "రొయ్యలు, పీతలు, చేపలు ఏమన్నా పడవా సార్?" అనడిగింది.

"అట్టాంటిదేం లేదమ్మా" అన్నాడు నరసింహన్. ఇరవై రెండేళ్ళలో ఈ విషయంలో అతను పైకి చెప్పిన మొదటి నిజం అదే.

"ఏంది లేదా?" మరగతం బల్ల మీదికి వంగింది. "నువ్వు రాసుకోమ్మా. ఈయనకు రొయ్యలు అస్సలు పడవు. ప్రాణం మీదికొచ్చే సంగతి ఇట్ట దాస్తారా ఎవరన్నా?"

"నా చేతి కుళంబు తిని చచ్చి బతికినాడమ్మా మా మాపిళ్ళ" అంది ధనభాగ్యం. అల్లుణ్ణి ఆవిడ ఎప్పుడూ మాపిళ్ళ అనే అంటుంది. ఆవిడ చెప్పిన దాంట్లో మాత్రం అబద్ధమేమీ లేదు.

దీపా ఎర్రపెన్ను తీసింది. ఆ ఫారం ఏ కాలంలో అచ్చేయించిందో ఎవరికీ తెలీదు. నాలుగో ప్రశ్నకు 'అవును' అని వస్తే డాక్టరు ఉత్తరం అడగాలని మాత్రం అందరికీ తెలుసు. "రొయ్యల్లో అయోడిన్ ఉంటాది, మా డైలోనూ అయోడిన్ ఉంటాది సార్. లెటర్ లేకుండా చెయ్యలేం" అంది.

ముగ్గురూ ఉప్పళం తిరిగొచ్చి, ఎప్పుడూ చూపించుకునే డాక్టర్ ఆదిమూలం ముందు కూర్చున్నారు.

"అప్పుడేమైంది?" అనడిగాడాయన.

"కొంచెం దద్దుర్లు..." అన్నాడు నరసింహన్ గొంతు తగ్గించి.

"కొంచెమా! అరగంట పెరట్లోంచి రాలేదు డాక్టరూ. మొగమంతా కందిపోయినాది. కళ్ళంట నీళ్ళు. పిలిస్తే పలకలా" అంది ధనభాగ్యం.

డాక్టరు తల పంకించి, 'ఊపిరాడలేదా?' అని ప్రశ్నార్థకం పెట్టి రాశాడు. సెంటరులో ఆ ఉత్తరం కంప్యూటరులోకి ఎక్కేటప్పుడు ప్రశ్నార్థకం జారిపోయింది. దాంతో నరసింహన్, ఒకసారి ఊపిరాగి బతికి బయటపడ్డ పేషెంటు అయిపోయాడు. స్కాన్ సోమవారానికి మార్చారు. ముందురోజు నుంచి మింగమని మాత్రలిచ్చారు. ఆ రోజు పక్కన మత్తు డాక్టరు ఉంటాడన్నారు, ఇంటివాళ్ళు వచ్చి సంతకాలు పెట్టాలన్నారు.

ఆ మూడు రోజులూ చూడాలి ఆ ఇంటి సంబడం! అయోడిన్ మాట విన్న మరగతం ప్యాకెట్టు ఉప్పంతా పారబోసి కల్లుప్పు తెచ్చింది. ధనభాగ్యం, తన చేతులతో అల్లుణ్ణి చంపబోయానని వీధివీధికీ చెప్పుకుని ఏడ్చింది. ఆఫీసులో అటెండరు మొదలు పైఆఫీసరు దాకా అందరూ ఉన్నట్టుండి నరసింహన్‌ను తెగ పొగడడం మొదలుపెట్టారు. అది విన్నాక, తను పోవడం ఖాయమేనేమోనని అతనికి మొదటిసారి అనుమానం వచ్చింది.

ఆదివారం ఎలాగో ధైర్యం చేసి, "మరగతం, ఆ రొయ్యల సంగతి..." అని మొదలెట్టాడు.

"ఆ పేరెత్తొద్దండీ, మీకు దండం పెడతా!" అని ఆవిడ భోరుమంది. చేసేది లేక, లేని జబ్బుకు మాత్ర మింగి పడుకున్నాడు.

సోమవారం నరసింహన్‌ను స్కాన్ బల్ల మీద పడుకోబెట్టి చేతికి సూది గుచ్చారు. మరగతాన్నీ ధనభాగ్యాన్నీ సంతకాల కోసం అద్దం వెనక కంప్యూటర్ల గదిలో కూర్చోబెట్టారు. బల్ల దగ్గర వెట్రివేల్ అనే టెక్నీషియన్ మిగిలాడు.

"సార్, మీ ఫైలు చూసి మత్తు డాక్టరు భయపడతా ఉండాడు. డై వద్దు, ఉత్త స్కాన్ తీసి పంపించేద్దామంటాడు" అన్నాడతను.

"డై లేకుంటే ఆ గడ్డ ఏందో తెలుస్తుందా?"

"కష్టం సార్."

ఇన్నాళ్ళూ నిద్ర లేకుండా ఎదురుచూసిన జవాబు, ఓ ముద్ద కుళంబు వల్ల దక్కకుండా పోయేలా ఉంది. ఎంత పరువైనా ప్రాణం తర్వాతే కదా!

"తమ్ముడూ, తలుపేసి ఉందా?"

"ఉంది సార్."

"అయితే విను. రొయ్యలు నాకు బ్రహ్మాండంగా పడతాయి. వారానికి రెండుసార్లు మీ వెనక వీధి మెస్సులోనే తింటా. నాకు పడనిది మా అత్త కుళంబు. ఇసుకయ్యా, అంతా ఇసుక! అది నేరుగా చెప్పలేక ఇరవై రెండేళ్ళ కింద దద్దుర్లని బొంకినాను. దయచేసి ఆ డై ఎక్కించెయ్."

వెట్రివేల్ మెల్లగా తలెత్తి పైకి చూశాడు. అక్కడ మైకుంది, పేషెంటు బెదిరితే అద్దం వెనకున్నవాళ్ళకు వినపడాలని పెట్టింది. దాని పక్కనున్న స్పీకరులోంచి ఒక దగ్గు వినిపించింది. ఆ దగ్గు ధనభాగ్యానిదని నరసింహన్ ఎక్కడున్నా గుర్తుపట్టగలడు.

ఆ వెంటనే ఇంకో గొంతు వినిపించింది. "నేను డాక్టర్ జనని, స్కాన్లు చూసే డాక్టర్ని. లీవు నుంచి ఇవాళే వచ్చినాను, మీ ఫైలు ఇప్పుడే చూస్తున్నాను. రొయ్యలకూ మా డైకీ ఏ సంబంధం లేదు సార్. రొయ్యలు పడనివాళ్ళకు పడనిది దాంట్లోని మాంసకృత్తు, అయోడిన్ కాదు. మీకు నిజంగా పడకపోయినా నేను డై ఇచ్చేదాన్నే."

"అంటే... నేను నోరు తెరవకపోయినా సరిపోయేదా డాక్టర్?"

"రెండు నిమిషాలు ఆగుంటే సరిపోయేది సార్. ఇంతకుముందు ఇట్టాంటి డై ఎక్కించినప్పుడు ఏమన్నా అయ్యిందా? ఉబ్బసం ఉందా? షుగరు మాత్రలు వాడతారా?"

"ఏమీ లేవు."

"సరే. కిడ్నీ రక్తపరీక్ష రిపోర్టు యాడుంది?"

ఫైలంతా తిరగేశారు. డాక్టరు ఉత్తరం ఉంది, సంతకాలున్నాయి, ఎర్రసిరా గీతలున్నాయి. రక్తపరీక్ష గడి ఖాళీగా ఉంది. రొయ్యల హడావిడిలో, అడగాల్సిన ఆ ఒక్కటీ ఎవరూ అడగలేదు.

అప్పటికప్పుడు రక్తం తీశారు. ఫలితం వచ్చేదాకా నరసింహన్ భార్యకూ అత్తగారికీ మధ్య బెంచీ మీద కూర్చున్నాడు. ధనభాగ్యం ఎదురుగా గోడ వంకే చూస్తోంది. మరగతం అతని చెవి దగ్గరికి వంగింది. తిట్లకు సిద్ధపడి అతను కళ్ళు మూసుకున్నాడు.

"ఇరవై రెండేళ్ళు మీ వంతు కుళంబు కూడా నేనే గదండీ తిన్నాను!" అంది ఆవిడ పళ్ళు నూరుతూ. "దద్దుర్లని చెప్పాలని నాకు తట్టకపోయె!"

రక్తపరీక్ష బాగానే వచ్చింది. డై ఎక్కించేముందు జనని, "ఒళ్ళంతా వేడి పాకినట్టుంటుంది, భయపడొద్దు" అంది.

"అది గంట నుంచి ఉండాది డాక్టర్" అన్నాడు నరసింహన్.

పన్నెండింటికి రిపోర్టు చేతికొచ్చింది. నీటి బుడగే. మరే భయమూ లేదు. మరగతం కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చేసింది. నరసింహన్‌కు కూడా కళ్ళు తడిశాయి. రెండు నెలల బరువు గుండె మీద నుంచి దిగిపోయింది.

అప్పుడు నోరు విప్పింది ధనభాగ్యం. "డాక్టరమ్మా, అయితే మా మాపిళ్ళ రొయ్యలు తినొచ్చునా?"

"ధారాళంగా తినొచ్చు అవ్వా. లోపలి డై బయటికి పోవాల గదా, నీళ్ళు మాత్రం బాగా తాగాలి."

"ఇంకా మార్కెట్టు మూసుండరులే" అంటూ ఆవిడ సంచీ తీసుకుని లేచింది.

రెండున్నరకు ఉప్పళంలో నరసింహన్ ముందు ఆకు వేసి రొయ్యల కుళంబు వడ్డించారు. ఆ మధ్యాహ్నం నీళ్ళు తాగమని అతనికి ఎవరూ గుర్తు చేయాల్సిన అవసరం రాలేదు.