గిజిగాళ్లకు కట్టించిన ఊరు

ఒక పెద్ద అడవిలో ఎలుగుబంటి దొర చాపల మిల్లు పెట్టాడు. అల్లిక తెలిసినవాళ్లు కదా అని గిజిగాళ్లను పనిలోకి తీసుకున్నాడు.

వాళ్లంతా వాగు పక్క తుమ్మకొమ్మలకు గూళ్లు వేలాడదీసుకుని ఉండేవాళ్లు. దొరకు అది నచ్చలేదు.

"నా పనివాళ్లు గాలికి ఊగుతూ పడుకుంటే చూసేవాళ్లు ఏమనుకుంటారు?" అని మిల్లు వెనక మట్టి ఇళ్లు కట్టించాడు. అన్నీ ఒకే వరుస, ఒకే కొలత. పుట్టబోయే పిల్లలకు బడి కట్టి తాబేలును పంతులుగా వేశాడు. ఊళ్లో గడ్డి అల్లకూడదన్నాడు. అది చూసుకోవడానికి కొంగను మేనేజరుగా పెట్టాడు.

పోలయ్య అనే కుర్ర గిజిగాడికి మూల ఇల్లు వచ్చింది. ఇక పెళ్లే తరువాయి అనుకున్నాడు.

గిజిగాళ్లలో పిల్లకు గూడు నచ్చితేనే పెళ్లి. వానలు మొదలవగానే చిట్టెమ్మ వచ్చి ముక్కుతో గోడ పొడిచి చూసింది.

"ఎవరు కట్టారు?"

"కంపెనీ."

"తలుపు?"

"అదీ కంపెనీదే."

"మరి నువ్వేం చేశావు?"

"తాళం తీశాను."

"అయితే ఆ కంపెనీనే చేసుకుంటాలే," అని ఎగిరిపోయింది.

ఊళ్లో అందరూ పెళ్లికానివాళ్లే, అందరికీ అదే జవాబు. వానలు వెలిశాయి. ఒక్క గుడ్డూ పడలేదు. తాబేలు పంతులు ఖాళీ బడిలో హాజరు పిలిచి నిద్రపోయేవాడు.

దొరకు దిగులు పట్టింది. "రేపు నా చాపలు అల్లేదెవరయ్యా?"

"గూడే కదండీ కావాలంటున్నారు! మనమే చేయించి ఇద్దాం," అన్నాడు కొంగ మేనేజరు.

మిల్లులో గూళ్లు తయారయ్యాయి. ఇంటికొకటి తగిలించారు. మళ్లీ వానల్లో చిట్టెమ్మ వచ్చి పోలయ్య గూడు లాగి చూసింది.

"ఈ ముడి పక్కింట్లో చూశాను. ఎదురింట్లోనూ చూశాను. ముగ్గురినీ చేసుకోమంటావా?"

పోలయ్యకు తల కొట్టేసినట్టయింది. తిన్నగా వాగు దగ్గరి తుమ్మ మీదికి పోయి గడ్డి చీల్చడం మొదలుపెట్టాడు. కొంగ ఆయాసపడుతూ వచ్చాడు.

"ఒరేయ్, ఇల్లు పోతుందిరా! ఉద్యోగం కూడా!"

"పోనీండి సార్. ఈ పిల్ల కూడా పోతే నాకు మిగిలేదేముంది?"

గూడు సగమయ్యేసరికి చిట్టెమ్మ వచ్చి వాలింది. "ఇటు వంకర పోయింది," అంది. పోలయ్య విప్పి మళ్లీ అల్లాడు. ఈసారి ఆమె లోపలికి వెళ్లింది, బయటికి రాలేదు.

అది చూసి మిగతావాళ్లూ ఒకరి వెనక ఒకరు వాగుకు చేరారు. మిల్లు మూతపడింది.

ఊరు మాత్రం నిలిచింది. ఇప్పటికీ చుట్టాలు వస్తే దొర వీధులన్నీ తిప్పి చూపిస్తాడు.

"గోల లేదు, గొడవ లేదు. ఇంత చక్కటి ఊరు మేం ఎక్కడా చూడలేదండీ!" అంటారు వాళ్లు.

కనక తెలుసుకోవలసిందేమంటే, ఊరు ఆదర్శంగా ఉండాలంటే అందులో ఎవరూ కాపురం ఉండకూడదు.